ఆన్‌లైన్ చదువులో గ్రంథపాలకుని చోటు

ఆన్‌లైన్ కోర్సుల్లో అధ్యాపకుడితోబాటు గ్రంథపాలకుడు కూడా వుండి తీరాలని నేను కొంతకాలంగా అంటున్నాను. దీనికి రెండు వైపులనుంచి ఆక్షేపణ వచ్చింది. ఒక వైపు విశ్వవిద్యాలయాలను నడిపే పెద్దలు. వారి వాదం తేలిక. పుస్తకాలన్నీ ఇంటర్నెట్‌లో వున్నాయి, విద్యార్థి చేతిలో ఫోను వున్నది, మధ్యలో యీ మనిషి యెందుకు? రెండోవైపు మన మిత్రులే, అభ్యుదయవాదులే. వారి వాదం ఇంతకన్న బరువైనది. ఆన్‌లైన్ చదువు అనేదే ప్రభుత్వం తన బాధ్యతను దులిపేసుకోవడానికి యెత్తిన యెత్తు. అధ్యాపకుణ్ణి తీసేసి వీడియో పెడుతున్నారు, తరగతిగది తీసేసి ఫోను పెడుతున్నారు. ఆ దుకాణం ముందు గ్రంథపాలకుణ్ణి కూర్చోబెట్టి దానికి విశ్వవిద్యాలయమన్న మర్యాద తెచ్చిపెట్టడం మన పనా?

యీ రెండు వాదాలూ చెరొక దిక్కునుంచి బయలుదేరి ఒకే చోటికి చేరుకుంటున్నాయి. పెద్దల లెక్కలో విద్యార్థికి గ్రంథపాలకుడు అక్కరలేదు. మిత్రుల లెక్కలో ఆ విద్యార్థి అక్కడ వుండకూడనివాడు. ఎటు తిప్పినా రాత్రి పదింటికి, ఇంట్లో అందరూ పడుకున్న తర్వాత, చేతిలో ఫోను పెట్టుకుని అసైన్‌మెంటు రాయడానికి కూర్చున్న మనిషి మాత్రం ఒంటరిగా మిగిలిపోతున్నది. ఆ మనిషి గురించే నా వాదమంతా.

ముందు మాట సంగతి చూద్దాం. ‘ఎంబెడెడ్ లైబ్రేరియన్’ అనే పేరు అమెరికాలో పుట్టింది. 2003లో ఇరాక్ మీద దండెత్తినప్పుడు అమెరికా సైన్యం పత్రికా విలేఖరులను తన దళాలలో చేర్చుకుని, తన బండ్లలోనే యెక్కించుకుని, తన తిండే పెట్టి యుద్ధానికి తీసుకుపోయింది. అటువంటి విలేఖరులకు వచ్చిన పేరు అది. మరుసటి యేడు, 2004లో, బార్బరా డ్యూయీ అనే గ్రంథాలయ పండితురాలు ఆ మాటనే తీసుకుని గ్రంథపాలకులకు అన్వయించి వ్యాసం రాసింది. అప్పటినుంచి అది నిలిచిపోయింది. నాకీ పుట్టుక నచ్చదు. ట్యాంకులో కూర్చున్న విలేఖరికి ట్యాంకు కంతలోంచి కనిపించిందే యుద్ధం. కంతకు యెదురుగా పడివున్న శవం శత్రువుది. గ్రంథపాలకుడు కూడా యెవరి బండిలో యెక్కాడో చూసుకోకపోతే అదే గతి పడుతుందని యీ పేరు మనల్ని హెచ్చరిస్తున్నది. ఆ సంగతికి మళ్లీ వస్తాను. పేరు చెడ్డదైనంతమాత్రాన పని చెడ్డది కానక్కరలేదు.

పని యేమిటి? వెర్మాంట్ రాష్ట్రంలో ఒక కమ్యూనిటీ కాలేజీ వున్నది. పెద్ద ప్రాంగణం అంటూ లేదు. రాష్ట్రమంతటా చెదిరిన చిన్న చిన్న కేంద్రాలు, వాటికి తోడు ఆన్‌లైన్ తరగతులు. గ్రంథాలయానికి నడిచివచ్చే విద్యార్థి లేడు గనుక గ్రంథపాలకులే తరగతిలోకి నడిచారు. 2006 నాటికే అక్కడివారు యీ పద్ధతిని గురించి రాశారు. ఆన్‌లైన్ తరగతిలో అధ్యాపకుడి పేరు పక్కన గ్రంథపాలకుడి పేరు కనిపిస్తుంది. చర్చలో ఆయన వుంటాడు. అసైన్‌మెంటు ఇచ్చిన వారంలో, ‘దీనికి యెక్కడ వెతకాలి, యేమని వెతకాలి, దొరికినదాన్ని నమ్మవచ్చునా’ అని విద్యార్థి అడిగినప్పుడు జవాబు చెబుతాడు. అడగనివాళ్లను తానే పలకరిస్తాడు. ఇంతే. ఇందులో బ్రహ్మవిద్య యేమీ లేదు. కాని దీనివెనుక ఒక ఒప్పుకోలు వున్నది: వెతకడం అనేది చదువుకు ముందు చేసే చిల్లర పని కాదు, అది చదువులో భాగమని.

ఆ దేశపు కళాశాల గ్రంథాలయాల సంఘం 2000లో చేసుకున్న ప్రమాణాలను 2016లో పక్కకుబెట్టి కొత్త చట్రం ఒకటి ఆమోదించుకున్నది. అందులో ఒక మాట మన విద్యార్థి సంఘాలవారు చూడవలసినది. ప్రామాణికత అనేది ఆకాశంనుంచి ఊడిపడదనీ, మనుషులు కల్పించేదేననీ, సందర్భాన్ని బట్టి మారుతుందనీ విద్యార్థికి నేర్పాలట. ఇంకొకటి – సమాచారానికి ధర వున్నదనీ, అది యెవరికి అందుతుందో యెవరికి అందదో ఆ ధరే తేలుస్తుందనీ నేర్పాలట. యీ మాట మార్క్సిస్టులు అంటే సిద్ధాంతం పాఠంలో కలుపుతున్నారని గోలపెట్టేవాళ్లు, అమెరికా గ్రంథపాలకులు అంటే ఆధునికత అంటారు!

ఇక మన దేశానికి వద్దాం. 1982లో హైదరాబాదులో ఆంధ్రప్రదేశ్ సార్వత్రిక విశ్వవిద్యాలయం పెట్టారు. దేశంలో అటువంటిది అదే మొదటిది. 1991లో దానికి డాక్టర్ బి. ఆర్. అంబేద్కర్ పేరు పెట్టారు. ఆ పేరు వూరికే పెట్టినది కాదు. కాలేజీ గడప తొక్కలేనివాళ్లకు, తొక్కి మధ్యలో మానేసినవాళ్లకు, బస్సుల్లో టికెట్లు కొట్టేవాళ్లకు, అంగన్‌వాడీలో పిల్లలను ఆడించేవాళ్లకు, పెళ్లయి బిడ్డలు పుట్టాక మళ్లీ పుస్తకం పట్టాలనుకున్న ఆడవాళ్లకు డిగ్రీ అందించడానికి వచ్చిన యేర్పాటు దూరవిద్య. దాని లోపాలు వేయి వుండవచ్చు. కాని అక్కడ చేరినవాళ్లు యెవరో మరచిపోయి దాన్ని గురించి మాట్లాడడం మేధావివర్గపు విలాసం.

2017లో కేంద్ర ప్రభుత్వం ‘స్వయం’ అనే పేరుతో ఆన్‌లైన్ పాఠాల వేదిక ప్రారంభించింది. 2021 నాటి నిబంధనల ప్రకారం ఒక సెమిస్టరులోని కోర్సుల్లో నూటికి 40 వంతుల దాకా విద్యార్థి అక్కడ చదివి తన కాలేజీలో క్రెడిట్లుగా జమచేసుకోవచ్చు. అంటే ఇది దూరవిద్య విద్యార్థి సమస్య మాత్రమే కాదు. రోజూ కాలేజీకి పోయేవాడి చదువులో కూడా ఐదింట రెండు వంతులు తెరమీదికి పోవచ్చు. యీ ‘స్వయం’ పాఠానికి నాలుగు భాగాలు: వీడియో ఉపన్యాసం, ప్రత్యేకంగా తయారుచేసిన, దించుకుని అచ్చువేసుకోదగిన పాఠ్యసామగ్రి, స్వయంగా పెట్టుకునే పరీక్షలు, సందేహాలు తీర్చే చర్చావేదిక. నాలుగు భాగాలూ మళ్లీ మళ్లీ చూడండి. గ్రంథాలయం యెక్కడున్నది?

లేదు. లేకపోవడం మరపు కాదు, ఒక దృక్పథం. ‘ప్రత్యేకంగా తయారుచేసిన’ అన్న రెండు మాటల్లో సంగతంతా వున్నది. నీకు కావలసినది మేమే వండి, మేమే కలిపి, ముద్ద చేసి పెడతాము. నువ్వు నోరు తెరిస్తే చాలు. తెలుగు విద్యార్థికి యీ సరుకు కొత్తది కాదు. కోఠీలో పేవ్‌మెంటు మీద, ప్రతి కాలేజీ ఊళ్లోనూ బస్టాండు యెదుట, యేళ్ల తరబడి అమ్ముడుపోతున్నదే. దాని పేరు గైడు. గైడు అమ్మేవాడు తనది విశ్వవిద్యాలయమని చెప్పుకోలేదు; ఆ మేరకు అతనికి నిజాయితీ వున్నది.

ఒక్క పుస్తకాన్నే చదివినవాడికి అందులో తప్పున్నదని తెలిసే మార్గమే లేదు. రెండో పుస్తకం చేతిలో పడ్డప్పుడే మొదటి పుస్తకం ఒక అభిప్రాయంగా కనిపిస్తుంది, అప్పటిదాకా అది సత్యమే. పాలకవర్గానికి కావలసిన విద్యావంతుడు మొదటి పుస్తకం దగ్గర ఆగిపోయినవాడు. గ్రంథపాలకుడి వృత్తి రెండో పుస్తకాన్ని చేతికివ్వడం.

ఉదాహరణ చెబుతాను. ఎం.ఏ. చదివే అమ్మాయికి తెలంగాణ రైతాంగ పోరాటం మీద వ్యాసం రాయమన్నారనుకుందాం. పాఠంలో ఐదు పేజీలు వున్నది. ఫోనులో వెతికితే ఆ ఐదు పేజీలే పది రకాలుగా వస్తాయి. గ్రంథపాలకుడు తరగతిలో వుంటే యేం చేస్తాడు? 1972లో వచ్చిన సుందరయ్యగారి పుస్తకం చూపిస్తాడు. రావి నారాయణరెడ్డిగారి జ్ఞాపకాలు చూపిస్తాడు. ఇద్దరూ ఆ పోరాటంలో వున్నవాళ్లే, ఆఖరి ఘట్టం మీద ఇద్దరి తీర్పూ ఒకటి కాదని చెబుతాడు. ఢిల్లీ ప్రతినిధిగా హైదరాబాదులో కూర్చున్న కె. ఎం. మున్షీ 1957లో అచ్చువేయించిన పుస్తకం కూడా చూపిస్తాడు, శత్రువు యెలా రాశాడో తెలియకుండా చరిత్ర రాయకూడదు గనుక. ఆ తర్వాత 1986లో స్త్రీశక్తి సంఘటన తెచ్చిన ‘మనకు తెలియని మన చరిత్ర’ ఇచ్చి, పై ముగ్గురి పుస్తకాల్లోనూ గొంతు వినిపించని ఆడవాళ్లు యేం చెప్పారో చూడమంటాడు. తీర్పు తను చెప్పడు. నాలుగూ ఎదురెదురుగా పెట్టిన తర్వాత ఆ అమ్మాయి రాసే వ్యాసం, ఐదు పేజీలు చదివి రాసే వ్యాసం ఒకటి కావు. యీ పని యంత్రం చేయదా అంటారు. 2022 చివర్లో చాట్‌జీపీటీ వచ్చినప్పటినుంచీ విద్యార్థులు నా దగ్గరికి తెచ్చే జాబితాల్లో లోకంలో యెన్నడూ అచ్చుకాని పుస్తకాలు కనబడుతున్నాయి. రచయిత వున్నాడు, ప్రచురణకర్త వున్నాడు, సంవత్సరం వున్నది. పుస్తకం ఒక్కటే లేదు. ఆ సంగతి విద్యార్థికి చెప్పవలసింది యెవరు? మూడు వందలమందికి మార్కులు వేసే అధ్యాపకుడికి అంత తీరిక యెక్కడిది?

తెలుగు విద్యార్థి కష్టం ఇంకొక మెట్టు యెక్కువ. దీన్ని గురించి యెవరూ మాట్లాడరు గనుక కొంచెం విస్తరిస్తాను. ‘అన్నీ ఇంటర్నెట్‌లో వున్నాయి’ అన్న మాట ఇంగ్లీషుకు సగం నిజం. తెలుగుకు అది విచిత్రమైన రకంగా నిజం: వున్నాయి, కాని దొరకవు. డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా అనే పథకం కింద వేలకొద్దీ తెలుగు పుస్తకాలను స్కాన్ చేశారు. గొప్ప పని. ఆ వెబ్‌సైటు మూతపడ్డాక కూడా వాటిలో చాలా పుస్తకాలు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో వున్నాయి. అయితే పుస్తకాల పేర్లు యెక్కించినవాళ్లు తెలుగు అక్షరాల్లో కాక ఇంగ్లీషు అక్షరాల్లో, యెవరికి తోచినట్టు వాళ్లు యెక్కించారు. ‘చరిత్ర’ అన్న మాటకు ఒకడు సీ తర్వాత హెచ్ పెట్టాడు, ఒకడు పెట్టలేదు. దీర్ఘానికి ఒకచోట రెండు ఏలు, ఒకచోట ఒకటి. రచయిత ఇంటిపేరు ఒకదానిలో ముందు, ఒకదానిలో వెనుక, ఒకదానిలో అసలు లేదు. రెండు సంపుటాల గ్రంథానికి రెండు సంపుటాలూ రెండు వేరు వేరు పేర్లతో వుంటాయి. యెక్కించిన కూలివాణ్ణి నేను తప్పుపట్టను. పేజీకింత అని లెక్కగట్టి ఇచ్చే పనిలో అంతకన్న నాణ్యం రాదు. కాని ఫలితమేమిటి? విద్యార్థి తెలుగులో వెతికితే యేమీ రాదు, ఇంగ్లీషులో తన వర్ణక్రమంలో వెతికితే పక్క పుస్తకం వస్తుంది. పది వర్ణక్రమాలు మార్చి మార్చి వెతకాలన్న కిటుకు తెలిసినవాడికే పుస్తకం దొరుకుతుంది. ఆ కిటుకు పాఠ్యసామగ్రిలో లేదు.

పాత పత్రికల సంగతీ ఇంతే. ప్రెస్ అకాడమీ పుణ్యమా అని వెనకటి తెలుగు పత్రికలు ఎన్నో స్కాన్ అయ్యాయి. బొమ్మలుగా వున్నాయి, అందులో మాట కోసం వెతకడం కుదరదు. యెవరో ఒకరు ఫలానా యేడు ఫలానా పత్రిక తిరగెయ్యి అని చెప్పాలి. పాతవాటి సంగతి సరే, నిన్న మొన్న తయారైన పాఠాలే చూడండి. మన డీటీపీ లోకమంతా యేళ్ల తరబడి అనూ ఫాంట్లలో నడిచింది. వాటితో చేసిన పీడీఎఫ్ కంటికి తెలుగుగా కనిపిస్తుంది, కంప్యూటరుకు మాత్రం పిచ్చిరాతగా కనిపిస్తుంది. దానిలో ‘కౌలు’ అని వెతికితే పుస్తకం నిండా కౌలే వున్నా లేదనే వస్తుంది. విద్యార్థి యేమనుకుంటాడు? తెలుగులో తన విషయం మీద యేమీ లేదనుకుంటాడు. తన భాష మీద తనకే నమ్మకం పోతుంది. ఇంగ్లీషు రానివాడికి చదువు లేదన్న మాటను కళ్లారా చూశాననుకుంటాడు. మాతృభాషలో ఉన్నతవిద్య కావాలని సభలు పెట్టి తీర్మానాలు చేసే మన సంఘాలు, ఆ భాషలో వున్న పుస్తకాన్ని విద్యార్థి చేతికందించే మనిషి కోసం ఒక్క తీర్మానం చేసినట్టు నాకు గుర్తులేదు.

ఇప్పుడు మిత్రుల ఆక్షేపణ. ఆన్‌లైన్ చదువు వెనక వ్యాపారం వున్నదన్నది నిజం, నేను కాదనను. 2012లో హార్వర్డు, ఎంఐటీ కలిసి ఎడెక్స్ అనే వేదికను లాభాపేక్ష లేనిదిగా పెట్టాయి. 2021లో దాన్ని 80 కోట్ల డాలర్లకు టూయూ అనే కంపెనీకి అమ్మేశాయి. ఆ కంపెనీ విశ్వవిద్యాలయాల పేరు మీద ఆన్‌లైన్ డిగ్రీలు నడిపి, అనేక ఒప్పందాల్లో ఫీజులో సగానికి పైగా తను తీసుకునేది. 2024లో దివాలా రక్షణ కోసం కోర్టుకు పోయింది. జ్ఞానాన్ని ప్రజలకు ఉచితంగా పంచుతామన్న మాట పన్నెండేళ్లలో యెక్కడ తేలిందో చూశాం గదా. ఇక్కడా ఆ రంగు రాదని యెవరూ హామీ ఇవ్వలేరు.

కాని మిల్లు పెట్టినవాడు పెట్టుబడిదారుడని కార్మికసంఘం మిల్లు గేటు బయటే నిలబడిపోలేదు. లోపల పనిచేసేవాళ్లు మనవాళ్లు గనుక లోపలికి పోయింది. ఆన్‌లైన్ చదువులో వున్న విద్యార్థి అక్కడికి సరదాకు పోలేదు. ప్రాంగణానికి పోయే స్థోమత, సెలవు, హాస్టలు సీటు లేక పోయాడు. అతనికి మంచి ప్రాంగణం కావాలని పోరాడుదాం. అది సాధించేలోగా అతని చదువు గైడు చదువుగా వుంటే వుండనిద్దామా? జాతీయ నమూనా సర్వే 2017–18 లెక్కల్లో గ్రామాల్లో కంప్యూటరు వున్న కుటుంబాలు నూటికి ఐదు కూడా లేవు, ఇంటర్నెట్ సౌకర్యం వున్నవి పదిహేను. అప్పటినుంచి ఫోన్లు పెరిగాయి, నిజమే. ఫోనులో డేటా అయిపోతే మరునాటిదాకా ఆగే విద్యార్థికి వృథా వెతుకులాట అంటే డబ్బు ఖర్చు. పది నిమిషాల్లో సరైన పుస్తకం చూపించే మనిషి అతనికి అలంకారం కాదు.

మరొక మాట. గ్రంథపాలకుడు చదువరి దగ్గరికి పోవడం వెర్మాంట్ మనకు నేర్పిన పాఠం కాదు. 1914లో బెజవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘం వెలసింది. 1935లో పాతూరి నాగభూషణంగారు గుంటూరు జిల్లా కాలువలో పుస్తకాలు వేసి పడవ నడిపారు. గట్టునున్న రైతు పుస్తకాల దగ్గరికి రాడని తెలిసి పుస్తకాలే గట్టుకు పోయాయి. నైజాం రాష్ట్రంలో సభ పెట్టడానికే దిక్కులేని రోజుల్లో గ్రంథాలయాల నీడన జనం కూడి పత్రిక చదివి వినిపించుకున్నారు. రాజకీయ చైతన్యానికి అదే తొలి బడి. 1931లో తన అయిదు సూత్రాలను ప్రకటించిన రంగనాథన్ పుస్తకానికి భద్రత కన్న వాడకమే ముఖ్యమన్నాడు. యూజీసీ 1957లో ఆయన అధ్యక్షతన వేసిన కమిటీ విశ్వవిద్యాలయ గ్రంథపాలకుడికి అధ్యాపకులతో సమానమైన హోదా, జీతమూ వుండాలన్నది. ఇంత వారసత్వం పెట్టుకుని, ఇవాళ ఆన్‌లైన్ తరగతిలో గ్రంథపాలకుడెందుకని మనమే అడగడం వింత.

అయితే యెవరి బండిలో యెక్కాలి అన్న ప్రశ్న మిగిలే వున్నది. ఆన్‌లైన్ తరగతిలో ప్రతి నొక్కుకూ లెక్క వుంటుంది. యే విద్యార్థి యే రాత్రి యెన్ని గంటలకు యేది తెరిచాడో, యెంతసేపు చూశాడో యంత్రం రాసుకుంటుంది. గ్రంథాలయంలో పుస్తకం తీసి చదివి అక్కడే పెట్టిపోయిన విద్యార్థిని యెవరూ అలా లెక్కగట్టలేదు. గ్రంథపాలకుడు తరగతిలో చేరిన మరునాడే యాజమాన్యం అతన్ని అడుగుతుంది – ‘చూడండి, యెవరెవరు వెనకబడుతున్నారో చెప్పండి’ అని. రేపు యెవరెవరు యేం చదువుతున్నారో చెప్పమని అడుగుతుంది. ఇది నా వూహ కాదు. అమెరికాలో 2001 పేట్రియట్ చట్టం తరువాత పోలీసులు గ్రంథాలయ వివరాలడిగారు. 2005లో కనెక్టికట్‌లో నలుగురు గ్రంథపాలకులు ఇవ్వమని కోర్టుకెక్కారు. తమకు ఆ ఉత్తర్వు వచ్చిందన్న సంగతి కూడా నోరెత్తి చెప్పకూడదన్న నిషేధం మీద పోరాడి 2006లో గెలిచారు. చదువరి యేం చదివాడన్నది చదువరికీ గ్రంథపాలకుడికీ మధ్య విషయం. యీ నియమాన్ని గుమ్మం దగ్గరే చెప్పి లోపలికి వెళ్లే గ్రంథపాలకుడు కావాలి. చెప్పలేనివాడు ట్యాంకులో విలేఖరే.

రెండో బండి ప్రచురణ కంపెనీలది. గ్రంథపాలకుడి శిక్షణ పేరుతో తమ డేటాబేసు యెలా నొక్కాలో నేర్పే ఏజెంటును తయారుచేసుకోవడం వాటి అలవాటు. ఢిల్లీ విశ్వవిద్యాలయం దగ్గర ఒక ఫోటోకాపీ దుకాణం మీద 2012లో మూడు పెద్ద ప్రచురణ సంస్థలు దావా వేశాయి. విద్యార్థుల పాఠానికి కావలసిన పేజీలు జెరాక్సు తీసి కట్టకట్టి అమ్మడం నేరమన్నాయి. 2016 సెప్టెంబరులో హైకోర్టు ఆ దావా కొట్టేసింది. బోధనలో భాగంగా చేసే నకళ్లకు చట్టంలోనే చోటున్నదన్నది. యీ తీర్పు తెలిసిన గ్రంథపాలకుడు తరగతిలో వుంటే అధ్యాపకుడు యే అధ్యాయం ఇవ్వవచ్చునో ధైర్యంగా అడగగలడు. లేకపోతే భయపడి, ‘ప్రత్యేకంగా తయారుచేసిన’ సామగ్రి దగ్గరే ఆగిపోతాడు.

మా వృత్తిలోని వాళ్లను కూడా వదలను. ‘తరగతికి పోవడం మా పని కాదు, పుస్తకాల లెక్క మా పని’ అనేవాళ్లు తక్కువ లేరు. అల్మారాకు తాళం వేసి, పుస్తకం పోతే జీతంలో కోస్తారన్న భయంతో బతికించిన వ్యవస్థ వాళ్లనలా తయారుచేసింది. తాళాలతో బతికినవాడు తాళాలనే ప్రేమిస్తాడు. అధ్యాపకులలో కొందరికి ఇంకో జబ్బు: తన తరగతిలో తన పేరు పక్కన వేరొకరి పేరు కనబడడం సహించరు. వర్గదృష్టి గురించి గంటలకొద్దీ ఉపన్యాసమిచ్చే ఒకాయన తన కోర్సులో గ్రంథపాలకురాలికి ‘అతిథి’గా మాత్రమే ప్రవేశమిచ్చాడు. కులం లాంటిదే ఇది కూడా.

నా అనుభవం ఒకటి చెప్పుకుంటాను, పేరు అనవసరం. నేను పనిచేసిన ఒక విశ్వవిద్యాలయంలో యీ పద్ధతిని ఆర్భాటంగా మొదలుపెట్టారు. ఒక్క సెమిస్టరులో నన్ను పధ్నాలుగు కోర్సులలో చేర్చారు. కౌంటరు దగ్గర పని యథాతథం. సిలబస్ నిర్ణయించే సమావేశానికి పిలుపు లేదు. అసైన్‌మెంటు తేదీ నాకు విద్యార్థులకు తెలిసిన రోజే తెలిసేది. రాత్రి పదకొండుకు వచ్చే ప్రశ్నలకు పొద్దున్నే జవాబు ఇవ్వకపోతే ‘స్పందన ఆలస్యం’ అని నివేదికలో యెక్కేది. తనిఖీ బృందం వచ్చినప్పుడు మాత్రం పధ్నాలుగు కోర్సుల పట్టిక గోడకు అంటించారు. నాతో పనిచేసిన అమ్మాయి కాంట్రాక్టు మీద వుండేది. సెమిస్టరు మధ్యలో కాంట్రాక్టు ముగిసింది, ఆమె లాగిన్ ఆ సాయంత్రమే మూసేశారు. ఆమెను ప్రశ్నలడిగి జవాబుల కోసం కాచుకున్న విద్యార్థులకు యెవరూ యేమీ చెప్పలేదు. ఇది గ్రంథపాలకుణ్ణి తరగతిలో చేర్చడం కాదు, తరగతిలో గ్రంథపాలకుడి బొమ్మ పెట్టడం.

కనుక నేను అడిగేది కచ్చితంగా చెబుతాను. ఒక్కొక్కరికి యెన్ని కోర్సులన్నది హద్దు వుండాలి, ఆ గంటలు పనిగంటల్లో లెక్కపడాలి. పాఠ్యగ్రంథాలు నిర్ణయించే సమావేశంలో గ్రంథపాలకుడికి మాట వుండాలి, ముఖ్యంగా తెలుగు మాధ్యమం కోర్సుల్లో. యే అసైన్‌మెంటులోనైనా వెతికిన తీరుకు కొన్ని మార్కులు వుండాలి, అవి గ్రంథపాలకుడు వెయ్యాలి. మార్కులు లేని పని చెయ్యమనడం ఉద్యోగం చేసుకుంటూ చదివే విద్యార్థి మీద దయలేకపోవడమే. చదువరి వివరాలు యెవరికీ ఇవ్వనన్న హక్కు రాతలో వుండాలి. ఉద్యోగం పర్మనెంటుది కావాలి. యూజీసీ 2018 నిబంధనలు గ్రంథపాలకులను అధ్యాపకులతోబాటు విద్యా సిబ్బందిలోనే చేర్చాయి. కొత్త చట్టమేమీ అక్కరలేదు, వున్నదాన్ని అమలు జరిపితే చాలు.

డబ్బెక్కడిదని అడుగుతారు. దీనికి మాత్రం లెక్కలు చెప్పడం మంచిది. ఇంటిపన్నులో రూపాయికి 8 పైసల చొప్పున మనం గ్రంథాలయ సుంకం కడుతున్నాం. ఆ సొమ్ము స్థానిక సంస్థల ఖాతాల్లో చిక్కుకుని జిల్లా గ్రంథాలయ సంస్థలకు చేరదన్న ఫిర్యాదు రెండు రాష్ట్రాల్లోనూ పాతదే. అది చేరితే, ఆన్‌లైన్ విద్యార్థికి తన వూరి శాఖా గ్రంథాలయంలో కూర్చోడానికి ఒక కుర్చీ, వైఫై అయినా దొరుకుతాయి. అది ప్రజాగ్రంథాలయాల సంగతి. విశ్వవిద్యాలయాల సంగతి చూడండి. 2024 నవంబరులో కేంద్ర మంత్రివర్గం ‘ఒకే దేశం – ఒకే చందా’ పథకాన్ని ఆమోదించింది. 2025 నుంచి 2027 దాకా మూడేళ్లకు 6,000 కోట్ల రూపాయలు. 30 ప్రచురణ సంస్థల సుమారు 13,000 పత్రికలు 6,300కు పైగా ప్రభుత్వ విద్యా, పరిశోధనా సంస్థలకు అందుతాయి. పత్రికలు కొనవద్దని నేననను. లోగడ పెద్ద సంస్థలకే దొరికినవి ఇప్పుడు జిల్లా డిగ్రీ కాలేజీకి కూడా దొరకడం మంచిదే. వాటిని గురించి ప్రచారం చేస్తామని కూడా అన్నారు. ప్రచారం వేరు, పక్కన కూర్చుని నేర్పడం వేరు.

యీ 6,000 కోట్లను 6,300 సంస్థలకు పంచి చూడండి. సగటున ఒక్కొక్క సంస్థకు 95 లక్షలు, యేడాదికి 31 లక్షల పైచిలుకు. అసిస్టెంటు లైబ్రేరియన్ ఉద్యోగంలో చేరేనాటి మూలవేతనం నెలకు 57,700 రూపాయలు, యేడాదికి సుమారు 7 లక్షలు. భత్యాలన్నీ కలిపి లెక్కవేసినా, ఒక్కొక్క సంస్థ పేరిట విదేశీ కంపెనీలకు యేటా పోయే సొమ్ముతో ఇద్దరు గ్రంథపాలకులను పూర్తి జీతం మీద పెట్టుకోవచ్చు. పత్రికలు కొనడానికి దొరికిన డబ్బులో పదో వంతు వాటిని చదవడం నేర్పేవాళ్లకు యెందుకు దొరకదో, రాబోయే విద్యాసంవత్సరపు బడ్జెటు సమావేశాల్లో మన అధ్యాపక సంఘాలు, విద్యార్థి సంఘాలు లేచి అడగాలి. నాలుగు భాగాల పాఠంలో అయిదో భాగం యేదని ‘స్వయం’ కోర్సులు తయారుచేసే మన అధ్యాపకులను కూడా, వాళ్లు మిత్రులైనా సరే, అడగాలి.